పొత్తు తెగితేనే లెక్క

శ్రీశైలం రోడ్డున పోయేవారు ఎప్పుడైనా తెల్లవారి ఆరు గంటల వేళ తుక్కుగూడలో దిగి, రోడ్డు పక్క టీ కొట్టు దగ్గర పది నిమిషాలు నిలబడి చూడండి. పసుపుపచ్చ జె.సి.బి.లు, టిప్పర్లు, బోర్లు వేసే లారీలు, సెంట్రింగు సామాను మోసే ట్రాలీలు ఒకదాని వెనుక ఒకటి కదులుతుంటాయి. 2008లో శంషాబాద్ విమానాశ్రయం తెరిచారు. ఆ తరువాత అవుటర్ రింగు రోడ్డు వచ్చింది. ఒకప్పుడు వానకోసం ఆకాశం వంక చూసిన మెట్టచేలలో ఇప్పుడు హద్దురాళ్ళు లేచాయి. ఎక్కడ చూచినా మట్టి తవ్వడమో, పోయడమో, చదును చేయడమో.

ఆ బండ్ల మీద రాసివున్న పేరు ఒక్కరిదే. కాని ఆ పేరు వెనుక ఇంకొకరు వుండడం ఇక్కడ మామూలు. డబ్బు ఒకరిది, తిరుగుడు ఒకరిది. టెంటు హౌసులు, ఫంక్షన్ హాళ్ళు, విమానాశ్రయానికి తిరిగే కార్లు, ప్లాట్ల వెంచర్లు, అన్నింటా ఇదే పద్ధతి. కాయితం వుండదు. వుంటే నోటు బుక్కులో చింపిన ఒక పుట. “మన మధ్య కాయితమేందన్నా” అనే మాటతో వ్యాపారం మొదలవుతుంది.

తెలుగులో దీన్ని పొత్తు అంటాం. ఒకే కంచంలో కలిసి తినడాన్ని కూడా మనవాళ్ళు పొత్తు అనే అన్నారు. తెలుగు పాఠాలు చెప్పుకునే నాకు ఈ మాట మీద మొదటినుంచీ ఇష్టమే. కాని ఒక కంచంలో తినే ఇద్దరిలో ఒకరు చెయ్యి కడుక్కోకుండానే రెండోవారి ముద్ద తీసుకుంటే న్యాయస్థానం ఏం చేస్తుందో మా బావ పుణ్యమా అని మొన్న మొన్ననే తెలిసింది.

మా బావ, అంటే మా అక్క భర్త, 2016లో తన వాటాకు వచ్చిన కొద్ది నేల అమ్మి, ఆ డబ్బు చిన్ననాటి స్నేహితుడి చేతిలో పెట్టాడు. ఇద్దరూ కలిసి ఒక జె.సి.బి., ఒక టిప్పరు కొన్నారు. స్నేహితుడికి కాంట్రాక్టర్లు తెలుసు గనుక బండ్లు, బ్యాంకు ఖాతా, బిల్లులు అన్నీ ఆయన పేరు మీదే. మా బావకు చిన్న ఉద్యోగం వుంది. తన పేరు ఎక్కడా కనబడనక్కరలేదని ఆయనే అన్నాడు. నాలుగేళ్ళు నెలనెలా లెక్క చూసుకున్నారు. రెండిళ్ళ ఆడవాళ్ళూ కలిసి బోనం ఎత్తారు, కలిసి యాదగిరిగుట్టకు వెళ్ళారు. 2020లో కరోనా వచ్చి బండ్లు ఆగినప్పుడు డబ్బు ఆగింది. బండ్లు తిరిగి కదిలిన తరువాత కూడా డబ్బు కదలలేదు. అడగగా అడగగా ఒకరోజు ఆ స్నేహితుడు, “నువ్విచ్చింది అప్పు. దానికి మిత్తి కట్టిన. ఇగ నీకు నాకు ఏం లేదు” అన్నాడట.

అక్క ఏడుస్తూ ఫోన్ చేసింది. మా బావ కోపగించుకోలేదు. అది నాకు ఆశ్చర్యం. “నాకు ఆనితోటి పొత్తు తెంపుకోవాలని లేదు బామ్మర్దీ. లెక్క చూపెట్టుమంటున్న, గంతే” అన్నాడు.

ఎల్.బి. నగర్‌లో రంగారెడ్డి జిల్లా కోర్టుల దగ్గర ఒక పెద్ద వయసు ప్లీడరుగారి దగ్గరికి ఇద్దరం వెళ్ళాం. ఆయన మా కథంతా కళ్ళు మూసుకుని విన్నాడు. విని ఒక్క ప్రశ్న వేశాడు: “ఫర్మ్ రిజిస్టరయిందా?”

కాలేదు. అలాంటిదొకటి వున్నదని కూడా మాకు తెలియదు.

ఆయన చెప్పిందాన్ని నాకు అర్థమైనంతవరకు చెబుతాను. మన దేశంలో భాగస్వామ్యాలకు ఆధారం 1932 నాటి భారత భాగస్వామ్య చట్టం. దాని నాలుగో సెక్షన్ ప్రకారం, ఒక వ్యాపారం అందరూ కలిసిగాని, అందరి తరఫున ఒకరుగాని నడుపుతూ, వచ్చే లాభం పంచుకొనేందుకు ఒప్పుకున్న మనుష్యుల మధ్య వున్న సంబంధమే భాగస్వామ్యం. ఒప్పుకుంటే చాలు. రాత వుండాలని అక్కడ లేదు. సగం అని ఒప్పుకోకపోయినా సరే, వేరే ఒప్పందం లేనప్పుడు లాభనష్టాలు సమానంగా పంచుకోవలసిందే అని పదమూడో సెక్షన్. ఇంతవరకు విని మా బావ ముఖం వికసించింది.

“అయితే,” అన్నాడు ప్లీడరుగారు, “అరవై తొమ్మిది వుంది.”

ఆ అరవై తొమ్మిదో సెక్షన్ చెప్పేది ఇది. ఫర్మ్‌ను రిజిస్టరు చేయించుకోవడం తప్పనిసరి కాదు, మీ ఇష్టం. కాని చేయించుకోకపోతే ఒక భాగస్తుడు ఇంకో భాగస్తుడి మీద ఆ ఒప్పందాన్నిబట్టి వచ్చే హక్కు కోసం దావా వేయడానికి వీల్లేదు. బయటివాడు ఫర్మ్‌కు బాకీపడితే ఆ ఒప్పందం మీద ఫర్మ్ కూడా అతని మీద దావా వేయలేదు. ఫర్మ్ రిజిస్టరయితే మాత్రం చాలదు, దావా వేసేవాడి పేరు ఆ రిజిస్టరులో భాగస్తుడుగా ఎక్కి వుండాలి. తరువాత చేరిన తమ్ముళ్ళు, కొడుకులు చాలామంది ఇక్కడ దెబ్బతింటారట. ఈ నిషేధానికి మినహాయింపుగా వంద రూపాయలకు మించని కొన్ని చిన్న దావాలను వదిలారు. 1932లో వంద రూపాయలంటే ఒక మాట. ఈనాడు ఆ వందతో టిప్పరు డ్రైవరు పూట భోజనం చేస్తాడు.

ఇందులో విచిత్రం ఏమంటే, ఈ తలుపు ఒకవైపే మూసుకుంటుంది. మా బావ పొత్తుకు డీజిలు అరువిచ్చిన బంకు యజమాని వున్నాడనుకోండి. ఆయన ఫర్మ్ రిజిస్టరయిందా లేదా అని చూడనక్కరలేదు. ఇద్దరి మీదా దావా వేయవచ్చు. ఫర్మ్ అప్పుకు ప్రతి భాగస్తుడూ పూర్తిగా బాధ్యుడని ఇరవై అయిదో సెక్షన్. బండి ఎవరి పేరున వున్నదన్నది ఆ బంకు యజమానికి అనవసరం. అప్పు తీర్చేటప్పుడు మా బావ భాగస్తుడే, లాభం అడిగేటప్పుడు మాత్రం కాదు.

“పోనీ, ఇప్పుడు రిజిస్టరు చేయిద్దాం” అన్నాను నేను, ఏదో గొప్ప ఉపాయం తట్టినట్టు.

ప్లీడరుగారు నవ్వాడు. రిజిస్ట్రారుకు ఇచ్చే దరఖాస్తు మీద భాగస్తులందరి సంతకాలూ వుండాలి, లేదా వారు అధికారమిచ్చిన ఏజెంట్ల సంతకాలు. నాకూ నీకూ పొత్తే లేదంటున్నవాడు వచ్చి, మాది పొత్తే అని సంతకం పెడతాడా? స్నేహం బాగున్నన్నాళ్ళు రిజిస్ట్రేషన్ అక్కరలేదనిపిస్తుంది. అక్కర పడిన రోజున సంతకం దొరకదు. దానికయ్యే ఖర్చు ఒక జె.సి.బి. టైరు ఖరీదు కూడా కాదన్నాడాయన. మా బావ తల వంచుకున్నాడు.

ఈ సెక్షన్ వచ్చిన కారణం కూడా ఆయన్నే అడిగాను. ఇంగ్లండులో 1890 నాటి భాగస్వామ్య చట్టం ఇలాంటి అడ్డు పెట్టలేదు. అక్కడ నోటిమాట పొత్తు మీద కూడా కోర్టుకు పోవచ్చు. మన చట్టం రాసినవారు ఆలోచించింది మరొకటి. ఫర్మ్ వెనుక ఎవరున్నారో తెలియక మోసపోయే బయటివారిని కాపాడాలి. అందుకని అందరినీ రిజిస్టరు చేయించుకోమని నిర్బంధిస్తే చిన్న చిన్న తాత్కాలిక పొత్తులకు కష్టం. కాబట్టి నిర్బంధం వద్దు, కాని చేయించుకోనివారికి కోర్టు సాయం తగ్గిద్దాం అన్నారు. అనుకున్నది బాగానే వుంది. చిన్నవారి కష్టం తప్పించాలని వదిలిన ఆ వెసులుబాటులోనే చిన్నవారు ఇరుక్కుంటున్నారని నా అభిప్రాయం. పెద్ద ఫర్మ్‌లకు ఆడిటర్లు, ప్లీడర్లు ముందే చెబుతారు. తుక్కుగూడ టీ కొట్టు దగ్గర చేతులు కలిపిన ఇద్దరికి ఎవరు చెబుతారు?

ఈ నిబంధన పాతబడి మూలపడింది అనుకోకండి. 2025 జనవరిలో ఆంధ్రప్రదేశ్ నుంచి వెళ్ళిన ఒక కేసులో సుప్రీంకోర్టు ఇదే మాట మళ్ళీ చెప్పింది. రిజిస్టరు కాని పొత్తులో కొందరు తమ తోటి భాగస్తురాలి మీద డబ్బు రాబట్టుకొనేందుకు వేసిన దావా అరవై తొమ్మిదో సెక్షన్ కింద చెల్లదన్నది.

మరి దారి లేదా? వుంది. అదే మా బావకు మింగుడుపడలేదు.

అదే సెక్షన్ మూడో భాగంలో, పొత్తు రద్దు చేయమనిగాని, రద్దయిన పొత్తుకు లెక్క చెప్పమనిగాని, రద్దయిన పొత్తు ఆస్తి రాబట్టుకొనేందుకుగాని వేసే దావాలకు ఈ నిషేధం వర్తించదన్నారు. అంటే, కలిసివుంటూ నా వాటా ఇమ్మని అడిగితే కోర్టు వినదు. విడిపోతాను, లెక్క తేల్చండి అంటే వింటుంది. మహారాష్ట్రవారు 1984లో సవరణ చేసి ఈ ఒక్క దారిని కూడా మూశారు. 2009లో సుప్రీంకోర్టు ఆ సవరణను కొట్టివేసింది. రిజిస్టరు చేయించుకోలేదన్న నేరానికి మనిషి ఆస్తి మొత్తం పోగొట్టుకోవాలనడం రాజ్యాంగానికి విరుద్ధమన్నది.

“సార్, నేను తెంపుకుంటనంటలేను కద,” అన్నాడు మా బావ.

“తెంపుకోకపోతే అడగడానికి లేదయ్యా,” అన్నాడు ప్లీడరుగారు. “చట్టం నిన్ను గుమ్మం బయటికి వచ్చి అడగమంటున్నది.”

ఆ రోజు ఇంటికి వచ్చిన తరువాత కూడా ఆయన చాలాసేపు మాట్లాడలేదు. డబ్బు పోవడం ఒక ఎత్తు. ముప్ఫై ఏళ్ళ స్నేహానికి తన చేత్తో నోటీసు రాయడం ఇంకో ఎత్తు. అక్క మాత్రం, “ఆయన ఎప్పుడో తెంపిండు. నువ్వు కాయితం మీద రాస్తున్నవ్, అంతే” అన్నది. మా ఇంట్లో న్యాయశాస్త్రం చదవని న్యాయవాది ఆమె.

గడువు పెట్టుకోని పొత్తును చట్టం ఇష్టమున్నంత కాలపు పొత్తు అంటుంది. దాన్ని రద్దు చేయడానికి ఒక భాగస్తుడు రాతపూర్వకంగా నోటీసు ఇస్తే చాలు. అందులో రాసిన తేదీనుంచి, తేదీ లేకపోతే నోటీసు అందిన నాటినుంచి పొత్తు రద్దవుతుంది. అక్కడినుంచి మూడేళ్ళలో లెక్కల దావా వేయాలని 1963 కాలపరిమితి చట్టం. మూడేళ్ళు దాటితే ఎంత సత్యమైనా కోర్టు చెవిన పడదు.

ఈ మూడేళ్ళ సంగతి చెబుతూ ప్లీడరుగారు ఒక పాత కేసు చెప్పాడు. దేశమంతటా భాగస్వామ్యం గురించి వాదించే ప్రతివారూ ఉదహరించే తీర్పు అది. మన తెలుగువారిదే. అద్దంకి వారు, భాస్కర వారు అనే రెండు ఉమ్మడి కుటుంబాలు వడ్లు దంచే, వేరుశనగ కాయలు ఒలిచే మిల్లు చెరి సగంగా పెట్టుకున్నాయి. 1936లో ఒక కరారు రాసుకున్నారు. అందులో అద్దంకి వారు, మా ఇంట్లో పంపకాల తగాదాలు వచ్చాయి, ఇక పెట్టుబడి పెట్టలేము, నేటినుంచి వ్యాపారం మీరే చేసుకోండి, లాభనష్టాలతో మాకు సంబంధం లేదు అన్నారు. మీరు కోరితే తరువాత మీ ఖర్చు మీద రిజిస్టరు దస్తావేజు కూడా రాసిస్తాం అని కలిపారు. ఆ రిజిస్టరు దస్తావేజు రాలేదు. ఏళ్ళు గడిచాక అద్దంకి వారు పొత్తు రద్దుకు, లెక్కలకు దావా వేశారు. అవతలివారు ఆ కరారు చూపించారు. మిల్లు స్థిరాస్తి గదా, స్థిరాస్తిలో వాటా వదులుకునే కాయితం రిజిస్టరు కాకపోతే సాక్ష్యానికి పనికిరాదు గదా అన్నది వాదన.

1966లో సుప్రీంకోర్టు తీర్పు చెప్పింది. పొత్తులో మిల్లున్నా, భూమి వున్నా, ఒక భాగస్తుడికి వున్నది ఆ మిల్లులో ఈ గది నాది, ఆ భూమిలో ఈ చెక్క నాది అనే హక్కు కాదు. అప్పులన్నీ తీర్చి, లెక్కలన్నీ చూసిన తరువాత మిగిలే సొమ్ములో తన భాగం అందుకొనే హక్కు. అది చరాస్తి. కాబట్టి కరారుకు రిజిస్ట్రేషన్ అక్కరలేదు, అది చెల్లుతుంది అన్నారు. పొత్తు 1936లోనే ముగిసిందని తేలింది. దావా పోయింది.

మా బావకు ఆ కథలో భయపడవలసినది, ధైర్యం తెచ్చుకోవలసినది రెండూ వున్నాయి. రిజిస్టరు కాని కాయితం కూడా కోర్టులో బతుకుతుందన్నది ధైర్యం. అవతలివాడు, మన పొత్తు 2020లోనే అయిపోయింది, అప్పుడే లెక్క చూసుకున్నాం అని రుజువు చేస్తే మూడేళ్ళు ఎప్పుడో దాటిపోయాయన్నది భయం. అనుకున్నట్టే నోటీసుకు వచ్చిన జవాబులో రెండూ వున్నాయి: ఇది అప్పు, ఒకవేళ పొత్తే అయినా 2020లో ముగిసింది. అప్పే అయితే ముగిసిన పొత్తు ఎక్కడిదండీ అని నేను గట్టిగా అన్నాను. అలా రెండు రకాల వాదన పెట్టుకోవడానికి చట్టం ఒప్పుకుంటుందట. నా విద్యార్థులు ఒక పద్యానికి అలా రెండు తాత్పర్యాలు రాస్తే నేను సున్నా వేస్తాను.

ఇక పొత్తు వున్నదని రుజువు చేయడం. ఇక్కడే నా అవసరం పడింది. 2016లో రాసుకున్న ఆ నోటు బుక్కు పుట మా బావ దగ్గర వుంది. ఇద్దరి సంతకాలూ వున్నాయి. అందులో మాటలు ఇవి: “కిస్తులు, డీజిలు, డ్రైవరు జీతం పోను మిగిలిన దాంట్ల ఇద్దరికి చెరి సగం. తక్కువ పడితే గూడ చెరి సగం.” ప్లీడరుగారు ఆ పుటను నా ముందు పెట్టి, “తెలుగు లెక్చరర్ గారూ, ‘పోను’ అంటే ఏమిటో చెప్పండి” అన్నాడు.

వ్యాకరణం చెప్పమంటున్నాడనుకున్నాను. కాదు. వడ్డీ బదులు లాభంలో కొంత తీసుకున్నంత మాత్రాన అప్పిచ్చినవాడు భాగస్తుడు కాడని ఆరో సెక్షన్. ఆస్తి మీద వచ్చిన మొత్తం రాబడిని పంచుకున్నంత మాత్రాన కూడా కారు. ఇద్దరి మధ్య అసలు సంబంధం ఏమిటో అన్ని సంగతులూ కలిపి చూడాలి. ఖర్చులు పోను మిగిలింది పంచుకోవడం వేరు, వచ్చినదాంట్లో పంచుకోవడం వేరు. అప్పిచ్చినవాడు డ్రైవరు జీతం సంగతి ఎందుకు రాసుకుంటాడు? తక్కువ పడితే సగం నేను పెట్టుకుంటానని ఎందుకంటాడు? ఇరవై ఏళ్ళుగా తెలుగు చెబుతున్నాను గాని, ‘పోను’ అనే రెండక్షరాలకు ఇంత విలువ వుంటుందని అనుకోలేదు.

ఆ పుటకు తోడు కావలసినవి ఇంకా వున్నాయి. బావ బ్యాంకు నుంచి పంపిన డబ్బు లెక్క, నాలుగేళ్ళు నెలనెలా వచ్చిన మొత్తాలు. ప్రతి నెలా ఒకే మొత్తం వస్తే వడ్డీ అనవచ్చు; ఒక నెల ఎక్కువ, ఒక నెల తక్కువ, వానాకాలంలో అసలు లేకపోవడం పొత్తుకు గుర్తు. బావ రాసుకున్న చిట్టా వుంది. ఖాతా పుస్తకం ఒక్కటే చూపి ఎదుటివాడి మీద బాకీ వేయడానికి వీల్లేదు, ఇంకో సాక్ష్యం తోడుండాలి. 2024 జూలై 1 నుంచి పాత సాక్ష్య చట్టం స్థానంలో భారతీయ సాక్ష్య అధినియమం అమలులోకి వచ్చింది. ఆ నియమం అందులోనూ వుంది. వాట్సాప్‌లో పంపుకున్న డీజిలు బిల్లులు, “ఈ నెల నీ భాగం ఇంత” అన్న సందేశాలు కాయితం మీద అచ్చు తీసి ఇస్తే సరిపోదు, చట్టం చెప్పిన సర్టిఫికెట్ జత చేయాలి. మా బావ పాత ఫోన్ అమ్మేయకుండా బీరువాలో పడేసి వుంచడం మా అక్క చేసిన మంచి పని.

ఊళ్ళో కొందరు పెద్దలు, ఇదంతా ఎందుకు, పోలీసు స్టేషనులో ఒక కాయితం పెడితే రెండు రోజుల్లో డబ్బు తెచ్చి ఇస్తాడు అన్నారు. మా బావకు ఒక క్షణం ఆశ పుట్టింది. పొత్తు ఆస్తి చేతిలో వున్న భాగస్తుడు దాన్ని వాడుకున్నంత మాత్రాన నమ్మకద్రోహం నేరం కాదనీ, ప్రత్యేకంగా అప్పగించారని చూపాలనీ సుప్రీంకోర్టు 1964లోనే చెప్పిందని ప్లీడరుగారు ఆ ఆశ తుంచేశాడు. లెక్కల తగాదా సివిల్ కోర్టుదే.

సివిల్ కోర్టు నడక ఎలా వుంటుందో అందరికీ తెలిసిందే. మొదట పొత్తు వున్నదా, వాటాలెంత, ఎప్పుడు రద్దయింది అని తేల్చి ప్రాథమిక డిక్రీ ఇస్తారు. తరువాత కమిషనరును వేసి లెక్కలు చూడమనవచ్చు. ఆ పైన తుది డిక్రీ. పొత్తు తగాదాలు వ్యాపార వివాదాల కింద వస్తాయి. మూడు లక్షలకు తక్కువ కాని వివాదమైతే, తక్షణం కోర్టు ఉత్తర్వు కావలసిన అవసరం లేనప్పుడు, దావాకు ముందే మధ్యవర్తిత్వానికి వెళ్ళాలన్న నియమం 2018లో వచ్చింది. అది తప్పనిసరి అని 2022లో సుప్రీంకోర్టు తేల్చింది.

మా బావ ఇప్పుడు ఆ మెట్టు మీద వున్నాడు. మొదటి కూర్పుకు ఇద్దరూ వచ్చారు. ఒకే బల్లకు అటొకరు, ఇటొకరు. స్నేహితుడు జుట్టు నెరిసి, చిక్కిపోయి వున్నాడట. బావ ఇంటికి వచ్చి మొదట చెప్పిన మాట అదే. డబ్బు సంగతి ఆ తరువాత చెప్పాడు. ఆయన బండ్ల పాత ఖరీదులో సగం ఇస్తానంటాడు. బావ 2020 తరువాత వచ్చిన లాభం కూడా లెక్కలోకి రావాలంటాడు. రెండో కూర్పు వచ్చే నెలలో.

ఈలోగా ప్లీడరుగారు ఒక పని పురమాయించాడు. జె.సి.బి.కి గంటల మీటరు వుంటుంది. కిరాయి గంటల లెక్కనే కడతారు. పొత్తు రద్దయిన తరువాత కూడా పొత్తు బండి తిరుగుతూనే వుంది గనుక ఎన్ని గంటలు తిరిగిందో రాసుకోమన్నాడు. బండి ఈ మధ్య తుక్కుగూడ దగ్గరే ఒక వెంచరులో పనిచేస్తున్నది. మా బావ ఆదివారం ఆదివారం పొద్దున్నే బస్సెక్కి అక్కడికి వెళ్ళి వస్తున్నాడు. డ్రైవరు పాతవాడే, బావను చూసి లేచి నిలబడి నమస్కారం పెడతాడు. బావ మీటరు చూసి, అంకె నోటు బుక్కులో రాసుకుని, వాడితో కలిసి టీ తాగి వస్తాడు.